బాల్యస్మృతులు – కథాకథనం – వ్యక్తిత్వ నిర్మాణం

"నీవెవరవు?" అని ఎవరైనా ప్రశ్నించినప్పుడు మనం మొదట పేరు చెప్పుతాము. ఆ తరువాత ఊరు, తండ్రిగారి పేరు, చదువు చెప్పుతాము. ఈ నాలుగు వివరాలూ కళాశాల ప్రవేశపత్రంలోనూ ఉన్నవి. అయితే ప్రవేశపత్రం చూచి మనిషిని ఎరిగినవారెవరూ లేరు. అదే ప్రశ్నను ఒక ఆత్మీయుడు సాయంకాలంపూట సావకాశంగా అడిగినట్లయితే మన సమాధానం వేరుగా ఉంటుంది. "మా చిన్నప్పుడు..." అని మొదలుపెడతాము. అక్కడినుండి వచ్చేది వివరం కాదు, కథ. ఆ కథలో ఒక ఇల్లు ఉంటుంది, ఒక ముసలమ్మ ఉంటుంది, ఒక దెబ్బ ఉంటుంది, ఒక పండుగ ఉంటుంది. మన జీవితంలో జరిగిన వేలకొలది సంగతులలో ఈ నాలుగైదే ఎందుకు మిగిలినవి? మిగిలినవి నిజంగా జరిగినట్లే మిగిలినవా? వాటిని చెప్పుకొనే తీరు మన వ్యక్తిత్వాన్ని ఏ విధంగా తీర్చుతున్నది? ఈ మూడు ప్రశ్నలను గూర్చి విద్యార్థులతో కలిసి కొంత ఆలోచించుటే ఈ వ్యాసం ఉద్దేశం.

స్మృతిని గూర్చి మన శాస్త్రకారులు చాల పూర్వమే విచారించినారు. తెలుగువాడని పండితులు చెప్పే అన్నంభట్టు తన తర్కసంగ్రహంలో జ్ఞానాన్ని స్మృతి, అనుభవం అని రెండుగా విభజించి, సంస్కారం మాత్రమే కారణంగా పుట్టే జ్ఞానం స్మృతి అన్నాడు. అనుభవం మనస్సుపై ఒక ముద్ర వేస్తుంది, ఆ ముద్ర మేల్కొన్నప్పుడు కలిగేది జ్ఞాపకం అని సామాన్యంగా మనం దీనిని అర్థం చేసుకొంటాము. మైనంపై ఉంగరం ఒత్తినట్లు అన్నమాట. ఈ ఉపమానం అందమైనదే గాని, ఇరవయ్యవ శతాబ్దంలో మనస్తత్వ శాస్త్రజ్ఞులు జరిపిన ప్రయోగాలు జ్ఞాపకం మైనపుముద్ర వంటిది కాదని నిరూపించినవి.

కేంబ్రిడ్జి విశ్వవిద్యాలయాచార్యుడు ఫ్రెడరిక్ బార్ట్‌లెట్ 1932లో ప్రకటించిన గ్రంథంలో ఒక ప్రయోగాన్ని వర్ణించినాడు. ఉత్తర అమెరికా ఆదివాసుల కథ ఒకటి ఆంగ్ల పాఠకులచేత చదివించి, కొంతకాలం గడచిన తరువాత దానిని జ్ఞాపకమున్నంతవరకు వ్రాయుమన్నాడు. అందరూ వ్రాసినారు, కాని వ్రాసినది అదే కథ కాదు. ఆదివాసుల తెడ్డు దోనె మామూలు పడవ అయినది. సీలు జంతువుల వేట చేపల వేటగా మారినది. తమకు అంతుపట్టని దయ్యాల ముచ్చట కొందరి వ్రాతలో జారిపోయినది. పాఠకులు అబద్ధం వ్రాయలేదు. తమకు తెలిసిన లోకంలో ఇమిడేటట్లు కథను తిరిగి కట్టుకొన్నారు. జ్ఞాపకం దాచిన వస్తువును తీసి చూపుట కాదు, ప్రతిసారీ కొత్తగా కట్టుట అని బార్ట్‌లెట్ సిద్ధాంతీకరించినాడు.

ఈ విషయం తెలుసుకొనుటకు నిజానికి కేంబ్రిడ్జి దాకా పోనక్కరలేదు. మా దాదీ చెప్పే కథలలో బాగ్దాదు బాద్‌షా నగరానికి చెరువుకట్ట ఉండేది, ఆ కట్టమీద తాటిచెట్లు ఉండేవి. షాహ్‌జాదా వేటకు పోతూ జొన్నరొట్టె, పచ్చిమిరప తొక్కు మూటకట్టుకొని పోయేవాడు. ఆ బాగ్దాదు మా ఊరికి పడమట రెండు కోసుల దూరంలోనే ఉన్నదని ఏడేళ్ళ వయసులో ఈ వ్యాసకర్త గట్టిగా నమ్మినాడు. ఎక్కడో పశ్చిమాసియాలో పుట్టిన కథ దక్కనీలోకి వచ్చి, దక్కనీ నుండి తెలుగు పల్లె పొలిమేర తొక్కి, మా పంచలో మంచం వేసుకొన్నది.

జ్ఞాపకం తిరిగి కట్టుకొనేదే అయినప్పుడు, అసలు పునాది లేకుండానే ఒక గది కట్టుకొనే ప్రమాదం కూడ ఉన్నది. పిల్లల బుద్ధివికాసాన్ని జీవితమంతా పరిశోధించిన స్విట్జర్లండు శాస్త్రవేత్త జాఁ పియాజె తన స్వంత అనుభవాన్నే ఇందుకు నిదర్శనంగా చెప్పినాడు. ఆయన పసివాడుగా తోపుడుబండిలో కూర్చుండగా ఎవరో ఎత్తుకొనిపోవుటకు ప్రయత్నించినట్లు, ఆయా అడ్డుపడి పెనుగులాడినట్లు, ఆమె ముఖంపై గీరలు పడినట్లు ఆయనకు కళ్ళకు కట్టినట్లు జ్ఞాపకముండేది. ఆయనకు ఇంచుమించు పదిహేనేళ్ళ వయసులో ఆ ఆయా ఒక ఉత్తరం వ్రాసింది. ఆ కథ అంతా తాను కల్పించినదేనని ఒప్పుకొని, బహుమానంగా పుచ్చుకొన్న గడియారాన్ని తిరిగి పంపింది. జరగని సంఘటనను పియాజె ఎట్లా చూడగలిగినాడు? ఇంట్లో పెద్దలు ఆ సంగతిని చెప్పుకొంటుండగా విని, విన్నదానిని చూచినదానిగా మార్చుకొన్నాడు. 1995లో అమెరికాలో ఎలిజబెత్ లాఫ్టస్ బృందం చేసిన ప్రయోగం దీనినే బలపరచినది. చిన్నతనంలో బజారులో తప్పిపోయినారని ఇంటివారి సహాయంతో ఒక కల్పిత సంఘటనను 24 మందికి చెప్పగా, ఇంచుమించు నాలుగోవంతు మంది దానిని పూర్తిగానో కొంతగానో జ్ఞాపకం చేసుకొన్నారు.

మన ఇండ్లలో ఇట్టి గదులు ఎన్నో ఉన్నవి. ముస్లిం కుటుంబాలలో చాలచోట్ల బిడ్డకు నాలుగేళ్ళు, నాలుగు నెలలు, నాలుగు రోజులు నిండిన దినాన బిస్మిల్లా జరిపించే ఆచారమున్నది. బిడ్డను కొత్తబట్టలతో కూర్చుండబెట్టి, పెద్దలొకరు తొలి అక్షరాలను, ఖురాను వాక్యాలను పలికిస్తారు. మిఠాయి పంచుతారు. తరగతిలో తొలి జ్ఞాపకాన్ని వ్రాయుమన్నప్పుడు తమ బిస్మిల్లాను వర్ణించే విద్యార్థులు ఏటేటా కనిపిస్తారు. పూలసెహరా, మౌల్వీసాహెబు గడ్డం, గుచ్చుకొన్న జరీ అంచు, చేతిలో కరగిన మిఠాయి అన్నీ ఉంటవి. వీటిలో ఏవి బిడ్డ కళ్ళు చూచినవి, ఏవి గోడమీది ఫొటో చూపినవి, ఏవి అమ్మీ పదిమంది చుట్టాలకు పదిసార్లు చెప్పగా చెవిలో పడినవి? ఈ మధ్య చరవాణిలో తీసిన చలనచిత్రాలు కూడ చేరినవి గనుక విడదీయుట మరింత కష్టం. నా మట్టుకు నేను, ఫొటోలో కనిపించని వివరాన్నే ఎక్కువగా నమ్ముతాను. గుచ్చుకొన్న జరీ అంచు ఏ ఫొటోలోనూ పడదు గదా!

అయితే బిస్మిల్లా వయసుకు ఒక విశేషమున్నది. పెద్దవారిని అడిగినప్పుడు వారి తొలి జ్ఞాపకం సగటున మూడు మూడున్నరేళ్ళ వయసుకు చెందినదిగా ఉంటున్నదని పరిశోధకులు చెప్పుతున్నారు. అంతకు ముందరి కాలం చీకటి. దీనికి ఫ్రాయిడ్ 1905 నాటి తన గ్రంథంలో శైశవ విస్మృతి అని పేరు పెట్టి, అణచివేయబడిన కోరికలు కారణమన్నాడు. ఆ కారణాన్ని నేడు చాలమంది ఒప్పుకొనరు. భాష, 'నేను' అనే ఎరుక, పెద్దలతో సంభాషణ, ఈ మూడూ కుదురుకొన్నప్పుడే జ్ఞాపకం నిలుస్తుందని ఇప్పటి అభిప్రాయం. న్యూజిలాండులో 2000లో ప్రకటింపబడిన ఒక పరిశోధనలో మావోరీ జాతివారి తొలి జ్ఞాపకాలు మూడేళ్ళు నిండక ముందటివిగా, తక్కిన వారికంటె ముందటివిగా తేలినవి. మావోరీలు వంశచరిత్రను, పూర్వుల ముచ్చట్లను నోటిమాటగా అప్పగించే జాతి. బిడ్డ పుట్టుకను గూర్చి, చిన్ననాటి సంగతులను గూర్చి బిడ్డతోనే విస్తారంగా మాట్లాడుట ఇందుకు దోహదం చేసి ఉండవచ్చునని పరిశోధకులు భావించినారు.

సంభాషణ అన్నమాట ఇక్కడ ముఖ్యం. "ఇవాళ జాతరలో ఏం చూచినావు?" అని అడిగి, "అవును, ఆ తరువాత రంగులరాట్నం ఎక్కినాము గదా, అప్పుడు నీకు భయమేసిందా?" అని బిడ్డ మాటకు మాట కలిపి పెంచే తల్లుల పిల్లలు, ఉత్త ప్రశ్నలు మాత్రమే వేసే తల్లుల పిల్లలకంటె తమ గతాన్ని వివరంగా జ్ఞాపకముంచుకొంటారని రాబిన్ ఫైవుష్, ఎలైన్ రీస్ మొదలైనవారి పరిశోధనలు తెలుపుతున్నవి. మన కథాసంప్రదాయంలో ఈ సూక్ష్మం ఎప్పటినుండో ఉన్నది. తెలుగు ఇండ్లలో కథ వినే బిడ్డ ఊఁ కొట్టాలి, ఉర్దూ ఇండ్లలో హుంకారీ పలకాలి. ఊఁ ఆగిపోతే కథ ఆగిపోతుంది. వినేవాడు నిద్రపోయినాడని తెలుసుకొనుటకే ఈ ఏర్పాటని అనుకొంటాము గాని, కథలో బిడ్డకు కూడ భాగమున్నదని ఆ 'ఊఁ' చాటుతున్నది. దూరదర్శనం ముందు కూర్చుండి ఊఁ కొట్టిన బిడ్డను నేను చూడలేదు.

కథలు మరొక విధంగా కూడ వ్యక్తిత్వంలో ప్రవేశిస్తవి. జరిగిన సంగతులు మాత్రమే గాక, విన్న కథలు కూడ మన గతంలో భాగమైపోతవి. గాంధీజీ ఆత్మకథలో ఇందుకు చక్కని ఉదాహరణలున్నవి. బాల్యంలో ఆయన దయ్యాలకు భయపడేవాడు. రంభ అనే దాది రామనామం జపించుమని చెప్పింది. తండ్రి కొన్న శ్రవణకుమారుని నాటకాన్ని ఆయన ఆసక్తితో చదివినాడు. ఊరూర తిరిగే బొమ్మలవాళ్ళు చూపిన పటంలో శ్రవణుడు తల్లిదండ్రులను కావడిలో మోస్తూ కనిపించినాడు. ఆ రోజులలోనే చూచిన హరిశ్చంద్ర నాటకం ఆయనను వెంటాడింది. తనలో తాను ఆ నాటకాన్ని లెక్కలేనన్నిసార్లు ఆడుకొన్నానని వ్రాసినాడు. హరిశ్చంద్రుడు చారిత్రక వ్యక్తి కాకపోవచ్చునని పెద్దయిన తరువాత తెలిసినా, తనకు అతడు సజీవుడేనని కూడ ఆయన చెప్పుకొన్నాడు. రాజకోటలో ఆ నాటకం చూచిన పిల్లలందరూ గాంధీలు కాలేదు గదా అని ఎవరైనా అడుగవచ్చును. అడుగవలసినదే. కథ విత్తనమైతే నేల కూడ ఉండాలి. అయినా తన సత్యనిష్ఠకు మూలమెక్కడ అని వెదకుకొన్న మనిషి ఏ గ్రంథం దగ్గరనో ఆగక, ఒక నాటక ప్రదర్శన దాకా వెనుకకు నడచుట గమనింపదగినది.

ఇక మన కళాశాల విద్యార్థులకు మరింత సన్నిహితమైన ఉదాహరణ చూద్దాము. 1931లో రామేశ్వరంలో జన్మించి, 2002 నుండి 2007 వరకు భారత రాష్ట్రపతిగా ఉన్న డాక్టర్ ఎ.పి.జె. అబ్దుల్ కలాం ఆత్మకథ 1999లో వెలువడినది. తమ ఇంటి పిల్లలకు తల్లి, అవ్వ నిద్రవేళ చెప్పిన కథలలో రామాయణ ఘట్టాలు, ప్రవక్త జీవిత ఘట్టాలు రెండూ ఉండేవని అందులో వ్రాసినారు. సీతారామకల్యాణ ఉత్సవంలో విగ్రహాలను మోసుకుపోయే పడవలను తమ కుటుంబమే ఏర్పాటు చేసేదని కూడ వ్రాసినారు. అందులోనే ఒక పాఠశాల సంఘటన ఉన్నది. అయిదవ తరగతి చదువుతున్న కలాం తలపై టోపీతో ముందు వరుసలో, జందెం ధరించిన రామనాథశాస్త్రి ప్రక్కన కూర్చుండేవాడు. కొత్తగా వచ్చిన ఉపాధ్యాయునికి అది సరిపడలేదు. టోపీ పిల్లవానిని వెనుక బల్లకు పంపినాడు. కలాం బాధపడినాడు, రామనాథుడు కన్నీరు పెట్టుకొన్నాడు. ఆ కన్నీటి దృశ్యమే తన మనస్సులో చెరగని ముద్ర వేసినదని కలాం చెప్పినారు. పిల్లలిద్దరూ ఇంట చెప్పగా, రామనాథుని తండ్రి, రామేశ్వర ఆలయ ప్రధానార్చకుడు అయిన లక్ష్మణశాస్త్రి ఆ ఉపాధ్యాయుని పిలిపించి, పసిమనస్సులలో విషం చల్లవద్దని, క్షమాపణ చెప్పుకొనుమని లేదా ఊరు విడువుమని గట్టిగా మందలించినాడు. ఉపాధ్యాయుడు పశ్చాత్తాపపడినాడు, మారినాడు.

ఇప్పుడొక ప్రశ్న. ఇదే సంఘటనను వేరొకరు వెనుక బల్ల దగ్గరే ఆపివేసి చెప్పవచ్చును. "నా మతం కారణంగా నన్ను వెనుకకు పంపినారు" అన్న వాక్యంలో అబద్ధమేమీ లేదు. కాని కలాం కథ అక్కడ ఆగదు. మిత్రుని కన్నీటికి పోతుంది, అర్చకుని ఇంటికి పోతుంది, ఉపాధ్యాయుని మార్పు దగ్గర ఆగుతుంది. ఎక్కడ మొదలుపెట్టి ఎక్కడ ఆపినాము అన్నదానిలోనే చెప్పేవాని వ్యక్తిత్వమున్నది. అరవై ఏడేళ్ళు దాటిన మనిషి పదేళ్ళనాటి సంఘటనను ఇట్లా చెప్పుకొన్నాడంటే, నడుమ గడచిన కాలమంతా ఆ కథను అట్లాగే చెప్పుకొంటూ జీవించినాడని మనం ఊహింపవచ్చును. మనిషి తన జీవితాన్ని ఒక కథగా అల్లుకొనుటే అతని వ్యక్తిత్వమని 1985 నుండి వాదిస్తున్న అమెరికా మనస్తత్వ శాస్త్రజ్ఞుడు డాన్ మెక్ఆడమ్స్, కష్టంతో మొదలై మేలులో ముగిసే ఇటువంటి అల్లికకు ప్రత్యేక ప్రాధాన్యమిచ్చినాడు. సమాజానికి, రాబోయే తరానికి ఏదైనా చేయవలెనని తపించేవారి ఆత్మకథలలో ఈ అల్లిక ఎక్కువగా కనిపిస్తున్నదని ఆయన పరిశోధన సారాంశం.

ఇంతవరకు చదివి, అయితే ప్రతి చేదు జ్ఞాపకానికి తీపి ముగింపు కట్టుకొంటే సరిపోతుందని విద్యార్థులు అనుకొనరాదు. లక్ష్మణశాస్త్రి వంటివాడు ఒకడు నిజంగా ఉండుటవల్ల కలాం కథకు ఆ ముగింపు దక్కినది. అట్టివాడు లేని చోట కథ ఎట్లా ముగియాలి?

డాక్టర్ అంబేద్కర్ ఒక చిన్న ఆత్మకథా ఖండం వ్రాసిపెట్టినారు. 1930ల నడుమ వ్రాసిన ఆ రచన ఆయన మరణించిన చాలకాలానికి, 1990లో పుస్తకంగా వెలువడినది. అందులోని మొదటి సంఘటన 1901 నాటిది. అప్పటికాయన ఇంచుమించు పదేళ్ళ బాలుడు. తండ్రి గోరేగావ్‌లో ఖజానా ఉద్యోగి. వేసవి సెలవులకు రమ్మని తండ్రి పిలువగా, అన్నయ్య, మేనల్లుళ్ళతో కలిసి సతారా నుండి రైలెక్కినాడు. కొత్త చొక్కాలు, మెరిసే టోపీలు, పట్టు అంచు ధోవతులు ధరించి పిల్లలు మసూర్ స్టేషనులో దిగినారు. తమ ఉత్తరాన్ని నౌకరు తండ్రికి అందించకపోవుటచేత ఎదురు వచ్చినవారు లేరు. బట్టలు చూచి ఏ బ్రాహ్మణ పిల్లలో అనుకొన్న స్టేషను మాస్టరు ఎవరని అడిగినాడు. మహర్ కులమని బాలుడు చెప్పగానే అతని ముఖం మారిపోయినది. బండి తోలుటకు ఎవరూ ఒప్పుకొనలేదు. చివరకు ఇబ్బడి కిరాయికి, పిల్లలే బండి తోలుకొనేటట్లు, బండివాడు ప్రక్కన నడచేటట్లు బేరం కుదిరింది. వెంట తెచ్చుకొన్న భోజనమున్నది, త్రాగుటకు నీరు లేదు. రాత్రి సుంకపు గేటు దగ్గర ఆగినప్పుడు, ముసల్మానులమని చెప్పుకొంటే నీరు దొరకవచ్చునని బండివాడు సలహా ఇచ్చినాడు. బాలుడు పోయి నీరు అడిగినాడు. "మీరెవరు?" అన్నాడు సుంకరి. ముసల్మానులమని బాలుడు చెప్పినాడు. నమ్మించుటకు తనకు బాగా వచ్చిన ఉర్దూలో మాట్లాడినాడు. అయినా నీరు దొరకలేదు. ఆకలితో, దప్పికతో బండిలోనే రాత్రి గడచిపోయినది.

మనం మొదట వేసుకొన్న ప్రశ్ననే ఆ సుంకరి కూడ వేసినాడు. పదేళ్ళ బాలుడు ఆ రాత్రి ఆ ప్రశ్నకు అరువు తెచ్చుకొన్న జవాబు చెప్పవలసి వచ్చినది. మన ఉర్దూ ఆ బాలునికి గుక్కెడు నీరు సంపాదించి పెట్టలేకపోయినదని తలచుకొన్నప్పుడు ఈ వ్యాసకర్తకు కొంత కష్టంగానే ఉంటుంది. అంబేద్కర్ ఈ కథకు తీపి ముగింపు ఇవ్వలేదు. తన జీవితంలో ఆ సంఘటనకు చాల ముఖ్యమైన స్థానమున్నదని మాత్రమే చెప్పినారు. అంతకుముందు కూడ అంటరానితనాన్ని ఎరిగినవాడే, కాని ఎప్పుడూ ఎదురైనదే కనుక అలవాటైపోయినది. ఆ ప్రయాణం ఆ అలవాటును బద్దలు కొట్టినది. మానని గాయాన్ని మానినదని చెప్పక, గాయంగానే జ్ఞాపకముంచుకొనుట కూడ ఒక వ్యక్తిత్వ నిర్మాణమే. 1927లో మహాడ్ చెరువు నీటిని త్రాగిన చేయి, 1901లో ఖాళీ చెంబు పట్టుకొన్న చేయి ఒకటేనని పాఠకునికి తోచకమానదు. కలాం వలె చెప్పుకొనుట మేలా, అంబేద్కర్ వలె చెప్పుకొనుట మేలా అని పోటీ పెట్టుట అవివేకం. ఎవరి కథ వారికి జరిగినదానికి విధేయంగా ఉండాలి.

తెలుగు సాహిత్యంలో బాల్యస్మృతులకు కొదువ లేదు. కందుకూరి వీరేశలింగంగారి స్వీయచరిత్రతో మొదలైన దారిలో శ్రీపాద సుబ్రహ్మణ్యశాస్త్రిగారి 'అనుభవాలూ జ్ఞాపకాలూనూ' ఒక మహావృక్షం. వేదశాస్త్రాల ఇంట పుట్టిన పిల్లవాడు సంస్కృతాన్ని ప్రక్కకు పెట్టి తెలుగు వచనాన్ని ఎందుకు వరించినాడో అందులో విస్తారంగా ఉన్నది. కాని మన విద్యార్థులకు ఒక లోటు చాలకాలం ఉండిపోయినది. పాఠ్యపుస్తకంలోని బాల్యంలో తులసికోట ఉంటుంది, సంక్రాంతి గొబ్బెమ్మలుంటవి, తాతయ్య భాగవతముంటుంది. సేమియా, షీర్‌ఖుర్మా, దర్గా ఉరుసు, సహరీకి లేపే ఫకీరు కేక ఉండవు. మొదటివాటిని మన పిల్లలు ప్రేమతోనే చదువుకొన్నారు, చదువుకోవాలి కూడ. అయితే తన ఇంటి బాల్యం పుస్తకానికి పనికిరాదేమోనన్న అనుమానం నోటితో చెప్పకుండానే లోపల నాటుకొన్నది.

ఆ అనుమానాన్ని పోగొట్టిన పుస్తకాలలో మహమ్మద్ ఖదీర్‌బాబు 'దర్గామిట్ట కతలు' ఒకటి. 1999లో పుస్తకంగా వచ్చిన ఈ కథలు కావలి పట్టణంలోని ఒక ముస్లిం పిల్లవాని బాల్యాన్ని నెల్లూరు మాటతీరులో చెప్పినవి. అంతకు పూర్వం నామిని సుబ్రహ్మణ్యంనాయుడు 'పచ్చనాకు సాక్షిగా' మొదలైన రచనలలో చిత్తూరు జిల్లా రైతుబిడ్డ బాల్యాన్ని ఇంటిభాషలోనే వ్రాసి దారి వేసినారు. నామిని పుస్తకం చదివిన వేరొకడు తన ఇంటివైపు తిరిగి చూచుకొన్నాడు. ఒకరి కథ మరొకరి కథకు గొంతు ఇచ్చుట అంటే ఇదే. వేంపల్లె షరీఫ్ 'జుమ్మా' కథలసంపుటికి 2012లో కేంద్ర సాహిత్య అకాడెమీ యువ పురస్కారం లభించుటతో, మన ఇండ్ల కథ తెలుగు కథే అన్న మాటకు ఇక సాక్ష్యం వెదకవలసిన పని లేకపోయినది.

అయినా తరగతిలో ఆ పాత అనుమానం ఇంకా తలయెత్తుతూనే ఉన్నది. ఇంటి పెద్దల వద్ద ఒక కథ విని వ్రాసుకొని రమ్మని ఆదేశించినప్పుడు, "సార్, మా ఇంట్లో చెప్పుకోదగ్గ కథలేమీ లేవు" అని ఒక విద్యార్థిని లేచి చెప్పింది. అమ్మమ్మ ఏమి చేస్తుందని అడిగితే "ఇంట్లోనే ఉంటుంది సార్" అని తల వంచుకొన్నది. రెండు వారాల తరువాత నాలుగు పుటలు వ్రాసి తెచ్చింది. ఆమె నానీ నలభైయేళ్ళుగా బీడీలు చుట్టుతున్నది. ఒడిలో చాట, చాటలో తునికాకు, తంబాకు, దారం. చుట్టూ పిల్లలు. నానీ కథకు గడియారం లేదు, కట్ట కొలత. కట్టకు ఇరవైయైదు బీడీలు. చిన్నకథ ఒక కట్ట, పెద్దకథ నాలుగు కట్టలు. రాక్షసుని ప్రాణమున్న చిలుక దొరికేసరికి కట్టకు దారం పడిపోవాలి. పిల్లలు ఊఁ కొట్టుటతో పాటు ఆకు కత్తిరించి అందించాలి. ఇంట్లో ఎవరు ఏ వయసులో కత్తెర పట్టినారు, ఎవరి పెండ్లికి ఎన్ని కట్టలు చుట్టవలసి వచ్చినది, బిడ్డను కళాశాలలో చేర్చిననాడు ఎంతరాత్రి దాకా చుట్టినది, ఈ సంగతులన్నీ కథల నడుమ నడుమ చెప్పేదట. ఆ నాలుగు పుటలను తరగతిలో బిగ్గరగా చదివించినాను. చదువుతున్నంతసేపు ఆ విద్యార్థిని తల ఎత్తే ఉన్నది.

అమెరికాలో ఎమరీ విశ్వవిద్యాలయానికి చెందిన మార్షల్ డ్యూక్, రాబిన్ ఫైవుష్ 2001లో ఇరవై ప్రశ్నల జాబితా ఒకటి తయారుచేసినారు. మీ తాత అవ్వలు ఎక్కడ పెరిగినారు, మీ తలిదండ్రులు ఎట్లా కలిసికొన్నారు, మీకా పేరు ఎందుకు పెట్టినారు, ఇంటికి ఏ కష్టం వచ్చినది, ఎట్లా గట్టెక్కినారు, ఇటువంటివి. ఎక్కువ ప్రశ్నలకు జవాబు తెలిసిన పిల్లలలో ఆత్మవిశ్వాసం, తమ జీవితంపై తమకు పట్టు ఉన్నదన్న భావం ఎక్కువగా కనిపించినవి. అయితే జవాబులు కంఠస్థం చేయించినంత మాత్రాన ఫలితముండదని పరిశోధకులే హెచ్చరించినారు. ఆ జవాబులు చెవిన పడేటట్లుగా ఇంటివారు కలిసి కూర్చుండుట, కలిసి తినుట, మాట్లాడుకొనుట, అసలు బలం అక్కడున్నది. మనవారు పరీక్షల కోసం ఈ ఇరవై ప్రశ్నలకు కూడ గైడు అచ్చువేస్తారేమోనని భయం!

రెండు భాషల మధ్య పెరిగిన మన విద్యార్థులకు ఒక ప్రత్యేక కర్తవ్యమున్నది. నానీ చెప్పిన కథ దక్కనీలో ఉంటుంది. వ్రాయగలిగిన లిపి పలువురికి తెలుగే. ఉర్దూ శాఖలోని మిత్రులకు దక్కనీ గ్రామ్యమని చిన్నచూపు, తెలుగు శాఖలోని మిత్రులకు అది పరాయిదని మొగమాటం. ఈ రెంటి నడుమ కథ జారిపోతున్నది. ఏ మాట ఎట్లా పలికితే అట్లాగే తెలుగు లిపిలో వ్రాసిపెట్టండి. 'నక్కో' అన్నచోట 'నహీ' అని దిద్దవద్దు. బార్ట్‌లెట్ విద్యార్థులు దోనెను పడవగా మార్చినట్లు, షాహ్‌జాదా చేతిలోని జొన్నరొట్టెను తీసివేసి పులావు పెట్టవద్దు. ఎవరు చెప్పినారు, వారు ఎవరివద్ద విన్నారు, ఏ ఊరిలో, ఏ పని చేసుకొంటూ చెప్పినారు అన్న నాలుగు వాక్యాలు కథకు పైన వ్రాయండి. ఒకే సంఘటనను అమ్మీ ఒక విధంగా, మామూజాన్ మరొక విధంగా చెప్పితే రెండూ వ్రాయండి. తీర్పు చెప్పకండి.

ఇంకొక్క సంగతి. పగటివేళ కథ చెప్పితే బాటసారులు దారి తప్పుతారని, మేనమామలు ఇల్లు చేరరని మన పెద్దలకు ఒక నమ్మకమున్నది. కళాశాల విడువగానే మధ్యాహ్నం పుస్తకం, కలం పట్టుకొని పోయి దాదీ ఎదుట కూర్చుంటే ఆమె కసరి పంపివేస్తుంది. ఇషా నమాజు కానివ్వండి, భోజనాలు కానివ్వండి, మంచం ప్రక్కన చాప వేసుకొని అప్పుడు అడగండి.